బ్రెజిల్‌లో ఫ్రెంచి వలస స్థావరాలు

16, 17వ శతాబ్దాలలో దక్షిణ అమెరికా తూర్పు తీరంలో, పోర్చుగల్ తనదిగా ప్రకటించుకొన్న భూభాగంలో, ఫ్రెంచివారు రెండు పర్యాయాలు వలస స్థావరాలను నెలకొల్పారు. వీటిలో మొదటిది ఫ్రాన్స్ అంటార్కిటిక్ (1555-1567). ఇది నేటి రియో డి జనీరో నగరం ఉన్న గ్వానబారా అఖాతంలో ఏర్పడింది. రెండవది ఈక్వినోక్సియల్ ఫ్రాన్స్ (1612-1615). ఇది ఉత్తర తీరంలోని మరన్యావ్ ద్వీపంపై, నేటి సావో లూయీస్ నగరం ఉన్న చోట ఏర్పడింది. రెండింటినీ పోర్చుగీసువారు సైనిక బలంతో తొలగించారు.

ఈ స్థావరాలు స్వల్పకాలమే నిలిచినా చరిత్రలో వీటికి ప్రాముఖ్యత ఉన్నది. ఒప్పంద పత్రం మీద గీసిన గీత వలన భూమిపై హక్కు వస్తుందా, లేక ఆ భూమిలో నివసించడం వలన వస్తుందా అనే వివాదం వీటితో ముందుకు వచ్చింది. ఫ్రెంచివారు రావడం వల్లనే పోర్చుగీసువారు అప్పటివరకు పేరుకు మాత్రమే తమదైన ఆ తీరాలలో నగరాలు నిర్మించి స్థిరపడ్డారు. ఈ పోటీలో అందరికంటె ఎక్కువగా నష్టపోయినవారు మాత్రం ఇరుపక్షాలకూ మిత్రులుగా పోరాడిన స్థానిక జాతులవారు.

పేర్ల వివరణ

ఫ్రాన్స్ అంటార్కిటిక్ అనే పేరుకు నేటి అంటార్కిటికా ఖండంతో సంబంధం లేదు. ఆ కాలంలో "అంటార్కిటిక్" అనగా దక్షిణార్ధగోళానికి చెందినది అని అర్థం. అంటార్కిటికా ఖండం అప్పటికి ఇంకా ఎవరికీ తెలియదు. ఈక్వినోక్సియల్ ఫ్రాన్స్ అనగా భూమధ్యరేఖా ప్రాంతపు ఫ్రాన్స్. మరన్యావ్ ద్వీపం భూమధ్యరేఖకు సుమారు రెండున్నర డిగ్రీల దక్షిణాన ఉండడం వలన ఈ పేరు వచ్చింది.

నేపథ్యం

తోర్దెసిల్లాస్ ఒప్పందం

1492లో కొలంబస్ సముద్రయానం తరువాత కొత్తగా కనుగొన్న భూములు ఎవరివి అనే విషయమై స్పెయిన్, పోర్చుగల్ దేశాల మధ్య వివాదం తలెత్తింది. 1493లో ఆరవ అలెగ్జాండర్ పోపు తన శాసనాల ద్వారా ఒక విభజన రేఖను ప్రకటించాడు. 1494 జూన్ 7న ఉభయదేశాలు తోర్దెసిల్లాస్ పట్టణంలో ఒప్పందం కుదుర్చుకొని ఆ రేఖను కేప్ వర్డీ దీవులకు 370 లీగుల పశ్చిమానికి జరిపాయి. రేఖకు తూర్పున ఉన్న భూములు పోర్చుగల్‌కు, పశ్చిమాన ఉన్నవి స్పెయిన్‌కు చెందుతాయని నిర్ణయించారు. 1500 ఏప్రిల్ 22న పెద్రో అల్వారెస్ కబ్రాల్ నాయకత్వంలో భారతదేశానికి బయలుదేరిన పోర్చుగీసు నౌకాదళం బ్రెజిల్ తీరాన్ని చేరింది. ఆ తీరం రేఖకు తూర్పున ఉండడంతో పోర్చుగల్ దానిని తనదిగా ప్రకటించుకొన్నది.

ఈ పంపకంలో ఫ్రాన్స్‌కు భాగం లేదు. ఫ్రెంచి రాజు మొదటి ఫ్రాన్సిస్ దీనిని అంగీకరించలేదు. లోకాన్ని ఈ విధంగా పంచిన ఆదాము వీలునామాను తనకు చూపమని ఆయన పరిహాసంగా అడిగాడని ప్రతీతి. 1533లో ఏడవ క్లెమెంట్ పోపు నుండి ఆయన ఒక అనుకూలమైన వివరణను సంపాదించాడు. దాని ప్రకారం 1493 నాటి శాసనాలు అప్పటికే తెలిసిన భూములకు వర్తిస్తాయి గాని, తరువాత ఇతర రాజ్యాలవారు కనుగొనే భూములకు వర్తించవు. కనుగొన్నంత మాత్రాన హక్కు రాదని, నివసించి పాలించినచోటనే హక్కు ఏర్పడుతుందని ఫ్రెంచివారు వాదించేవారు.

ఎర్రచెక్క వర్తకం

ఈ వాదనకు వెనుక వర్తక ప్రయోజనం ఉన్నది. బ్రెజిల్ తీరపు అడవులలో పెరిగే ఒక వృక్షపు చేవ నుండి బట్టలకు అద్దే ఎర్రరంగు లభించేది. అంతకుముందు ఇటువంటి రంగు ఆసియా దేశాల నుండి వచ్చే సప్పన్ చెక్క నుండి లభించేది. ఐరోపావారు ఆ చెక్కను బ్రెజిల్ చెక్క అని పిలిచేవారు. అదే పేరు అమెరికా వృక్షానికి, దాని నుండి దేశానికి సంక్రమించింది.

నార్మండీ ప్రాంతంలోని రువాన్, దియెప్, హోన్‌ఫ్లర్ రేవుల వర్తకులు 16వ శతాబ్దం ఆరంభం నుండే ఈ చెక్క కోసం నౌకలను పంపసాగారు. హోన్‌ఫ్లర్ నుండి బయలుదేరిన పోమియే ద గొన్‌విల్ అనే నావికుడు 1504లో బ్రెజిల్ తీరంలో కొన్ని నెలలు గడిపాడు. స్థానికులు చెట్లను నరికి, దుంగలను భుజాలపై మోసి తీరానికి చేర్చేవారు. అందుకు ప్రతిగా వారికి గొడ్డళ్ళు, కత్తులు, అద్దాలు, బట్టలు లభించేవి. నార్మండీ వర్తకులు కొందరు యువకులను స్థానిక గ్రామాలలో వదలి వెళ్ళేవారు. వారు అక్కడి భాష నేర్చుకొని, అక్కడి స్త్రీలను పెళ్ళాడి, దుబాసీలుగా వర్తకాన్ని నడిపేవారు.

పోర్చుగల్ ఈ వర్తకాన్ని అక్రమంగా భావించి ఫ్రెంచి నౌకలపై దాడులు చేసేది. 1531లో ఫ్రెంచివారు పెర్నంబుకో తీరంలో కట్టిన ఒక చిన్న కోటను మరుసటి సంవత్సరమే పోర్చుగీసువారు పట్టుకొన్నారు. ఫ్రెంచి పోటీని అరికట్టడానికి పోర్చుగల్ 1532లో సావో విసెంతే పట్టణాన్ని స్థాపించింది. తీరాన్ని వంశపారంపర్య పాలనా భాగాలుగా విభజించి ప్రభువర్గం వారికి అప్పగించింది. 1549లో సాల్వడార్ నగరాన్ని రాజధానిగా నిర్మించి గవర్నర్ జనరల్‌ను నియమించింది. అయినప్పటికీ వేల కిలోమీటర్ల తీరంలో పోర్చుగీసు స్థావరాలు అక్కడక్కడ మాత్రమే ఉండేవి. గ్వానబారా అఖాతంలో వారికి ఒక్క గ్రామం కూడా లేదు.

స్థానిక జాతులు

తీరప్రాంతంలో ప్రధానంగా తుపి భాషలు మాట్లాడే జాతులవారు నివసించేవారు. వీరు కర్రపెండలం పండించి, చేపలు పట్టి, వేటాడి జీవించేవారు. గ్వానబారా ప్రాంతంలోని తుపినంబాలను పోర్చుగీసువారు తమోయోలు అని పిలిచేవారు. వీరికి పొరుగున ఉన్న తెమిమినో, తుపినికిన్ జాతులతో తరతరాల వైరం ఉండేది. పోర్చుగీసువారు చెరకు తోటలలో పని చేయించడానికి తమోయోలను బానిసలుగా పట్టుకొనేవారు. అందువలన తమోయోలు ఫ్రెంచివారితోను, వారి శత్రువులైన తెమిమినోలు పోర్చుగీసువారితోను మైత్రి చేశారు. ఐరోపా దేశాల మధ్య పోటీ ఈ విధంగా స్థానిక వైరాలతో ముడిపడింది. స్థానికులకు ఇది ఐరోపావారి యుద్ధం కాదు. తమ శత్రువులను ఎదుర్కొనడానికి ఇనుప పనిముట్లు, తుపాకులు కలిగిన కొత్త మిత్రులను వారు ఎన్నుకొన్నారు.

పోర్చుగీసువారి వద్ద తుపాకీ సిపాయిగా పనిచేసిన హాన్స్ స్టాడెన్ అనే జర్మనుడు తుపినంబాలకు బందీగా చిక్కి, చివరకు ఒక ఫ్రెంచి నౌకలో తప్పించుకొన్నాడు. 1557లో వెలువడిన ఆయన గ్రంథం వలన ఫ్రెంచి, పోర్చుగీసువారిలో ఎవరు శత్రువు, ఎవరు మిత్రుడు అనే భేదాన్ని తుపినంబాలు ఎంత స్పష్టంగా పాటించేవారో తెలుస్తున్నది.

ఫ్రాన్స్ అంటార్కిటిక్

స్థాపన

1550 అక్టోబరులో ఫ్రెంచి రాజు రెండవ హెన్రీ రువాన్ నగరాన్ని సందర్శించినపుడు అక్కడి వర్తకులు నదీతీరంలో ఒక బ్రెజిల్ గ్రామాన్ని నిర్మించి చూపారు. సుమారు 50 మంది బ్రెజిల్ స్థానికులు, వారి వేషం ధరించిన ఫ్రెంచి నావికులు అందులో కృత్రిమ యుద్ధాన్ని ప్రదర్శించారు. బ్రెజిల్ వర్తకానికి రాజాదరణ సంపాదించడమే ఆ ప్రదర్శన ఉద్దేశ్యం.

ఐదు సంవత్సరాల తరువాత నికొలా దురాన్ ద విల్‌గాన్యోన్ నాయకత్వంలో ఒక నౌకాదళం బయలుదేరింది. ఆయన మాల్టా వీరసంఘ సభ్యుడు, బ్రిటనీ ప్రాంతపు ఉపనౌకాధిపతి. 1548లో బాలికగా ఉన్న స్కాట్లండ్ రాణి మేరీని ఇంగ్లీషు నౌకల కంటబడకుండా ఫ్రాన్స్‌కు చేర్చి పేరు పొందాడు. రెండవ హెన్రీ, నౌకాధిపతి గస్పార్ ద కొలీన్యీ ఈ యాత్రకు మద్దతునిచ్చారు. స్వచ్ఛందంగా వచ్చేవారు తక్కువగా ఉండడంతో పారిస్, రువాన్ చెరసాలల నుండి ఖైదీలను కూడా తీసుకొన్నారు.

1555 నవంబరు 10న వీరు గ్వానబారా అఖాతాన్ని చేరారు. ప్రధాన భూభాగంలో కాక, అఖాతంలోని సెరిజిపే అనే చిన్న ద్వీపంపై కోటను నిర్మించి దానికి కొలీన్యీ కోట అని పేరు పెట్టారు. రాతితో కూడిన ద్వీపం కావడం వలన రక్షణకు అనువుగా ఉన్నది గాని అందులో మంచినీరు లేదు. నీటిని, ఆహారాన్ని ప్రధాన భూభాగం నుండి పడవలలో తేవలసి వచ్చేది. ఆహారం కొరకు స్థావరం పూర్తిగా తమోయోలపై ఆధారపడింది.

అంతర్గత కలహాలు

విల్‌గాన్యోన్ కఠినమైన క్రమశిక్షణను అమలుపరిచాడు. కోట నిర్మాణంలో అందరూ పగలంతా శ్రమించవలసి వచ్చేది. క్రైస్తవ పద్ధతిలో వివాహం కాకుండా స్థానిక స్త్రీలతో కలసి జీవించడాన్ని ఆయన నిషేధించాడు. చాలాకాలంగా స్థానిక కుటుంబాలతో కలసిపోయిన దుబాసీలకు ఇది నచ్చలేదు. 1556 ఆరంభంలో ఆయనను చంపడానికి జరిగిన కుట్ర బయటపడింది. కుట్రదారులలో కొందరు శిక్ష పొందారు. పలువురు దుబాసీలు స్థావరానికి దూరమయ్యారు. భాష తెలిసినవారు దూరం కావడం వలన స్థానికులతో సంబంధాలు బలహీనపడ్డాయి.

స్థావరాన్ని బలపరచడానికి మరింతమంది జనం అవసరమయ్యారు. 1557 మార్చిలో విల్‌గాన్యోన్ బంధువు బువా-ల-కోంత్ నాయకత్వంలో మూడు నౌకలలో సుమారు 300 మంది వచ్చారు. వారిలో ఐదుగురు యువతులు, జెనీవా నుండి వచ్చిన ప్రొటెస్టెంటుల బృందం ఉన్నారు. ఆ బృందంలో పియేర్ రిషియే, గియోం షార్తియే అనే బోధకులు, జాన్ ద లెరీ అనే యువకుడు ఉన్నారు. లెరీ అప్పటికి చెప్పులు కుట్టే వృత్తి నేర్చినవాడు, తరువాతికాలంలో బోధకుడయ్యాడు. మార్చి 10న కోటలో వీరు ఆరాధన జరిపారు. అమెరికా ఖండంలో జరిగిన తొలి ప్రొటెస్టెంటు ఆరాధనలలో ఇది ఒకటిగా పరిగణింపబడుతున్నది.

మొదట విల్‌గాన్యోన్ వీరిని ఆదరించాడు. కాని కొద్ది వారాలకే ప్రభురాత్రి భోజనం విషయమై వివాదం చెలరేగింది. రొట్టె, ద్రాక్షారసం నిజంగా క్రీస్తు శరీర రక్తాలుగా మారుతాయా, ద్రాక్షారసంలో నీరు కలపవచ్చునా అనే ప్రశ్నలపై కోట రెండు వర్గాలుగా చీలింది. కాల్విన్ అభిప్రాయం కనుగొనడానికి షార్తియేను ఐరోపాకు పంపారు. ఆ సమాధానం రాకముందే, 1557 అక్టోబరులో విల్‌గాన్యోన్ ప్రొటెస్టెంటులను ద్వీపం నుండి వెళ్ళగొట్టాడు. వారు ప్రధాన భూభాగంలో తుపినంబాల ఆతిథ్యంలో సుమారు రెండు నెలలు గడిపారు.

1558 జనవరిలో వారు శిథిలావస్థలో ఉన్న ఒక నౌకలో ఫ్రాన్స్‌కు బయలుదేరారు. నౌకలోకి నీరు చేరడంతో ఐదుగురు చిన్న పడవలో తిరిగి వచ్చారు. విల్‌గాన్యోన్ వారి విశ్వాసాన్ని వ్రాతపూర్వకంగా తెలుపమని ఆజ్ఞాపించాడు. వారు వ్రాసి ఇచ్చిన పత్రం గ్వానబారా విశ్వాస ప్రకటన అనే పేరుతో ప్రసిద్ధి చెందింది. దాని ఆధారంగా జాన్ దు బుర్దెల్, మత్యూ వెర్నాయ్, పియేర్ బుర్దోన్ అనే ముగ్గురిని ఫిబ్రవరిలో మరణశిక్షకు గురిచేసి సముద్రంలో పడవేశారు. మిగిలినవారిలో ఆంద్రే లాఫోన్ దర్జీ కావడం వలన, అతని పని స్థావరానికి అవసరమని విడిచిపెట్టారు.

ఈ వార్త ఫ్రాన్స్‌కు చేరాక ప్రొటెస్టెంటులలో విల్‌గాన్యోన్‌పై తీవ్రమైన ద్వేషం ఏర్పడింది. వలస వెళ్ళడానికి ఎవరూ ముందుకు రాలేదు. 1559లో ఆయన సహాయం కోసం ఫ్రాన్స్‌కు వెళ్ళాడు. తిరిగి బ్రెజిల్ చేరలేదు. 1571లో మరణించాడు.

పోర్చుగీసు దాడి

పోర్చుగీసు గవర్నర్ జనరల్ మెమ్ ద సా 1560 మార్చిలో నౌకాదళంతో వచ్చి కొలీన్యీ కోటను పట్టుకొని ధ్వంసం చేశాడు. ఫ్రెంచి స్థావరం నుండి పారిపోయి పోర్చుగీసువారిని చేరిన జాన్ ద కోయింతా కోట బలహీనతలను వారికి తెలిపాడు. అయితే అక్కడ నిలిచి ఉండడానికి చాలినంత జనం మెమ్ ద సా వద్ద లేరు. ఆయన వెళ్ళిపోగానే, తప్పించుకొన్న ఫ్రెంచివారు ప్రధాన భూభాగంలో తమోయోలతో చేరి పోరాటాన్ని కొనసాగించారు.

అప్పటికి తమోయో గ్రామాలు ఒక కూటమిగా ఏర్పడి పోర్చుగీసు స్థావరాలపై దాడులు సాగిస్తున్నాయి. 1563లో మనువెల్ ద నోబ్రెగా, జోసె ద అంషియెతా అనే జెస్యూట్ గురువులు ఇపెరోయిగ్ గ్రామానికి వెళ్ళి కొందరు తమోయో నాయకులతో సంధి కుదుర్చారు. ఈ సంధి వలన కూటమి బలం తగ్గింది. గ్వానబారా తమోయోలు మాత్రం యుద్ధాన్ని విడువలేదు.

కోటను కూల్చినంత మాత్రాన ఆ ప్రాంతం తమది కాదని పోర్చుగీసువారు గ్రహించారు. మెమ్ ద సా సోదర వంశజుడు ఎస్తాసియో ద సా 1565 మార్చి 1న అఖాత ముఖద్వారం వద్ద సావో సెబస్తియావ్ దో రియో డి జనీరో అనే పట్టణాన్ని స్థాపించాడు. రెండు సంవత్సరాలు ఇరుపక్షాల మధ్య పోరు సాగింది. 1567 జనవరి 20న జరిగిన యుద్ధంలో ఫ్రెంచివారు, తమోయోలు ఓడిపోయారు. ఆ యుద్ధంలో ముఖానికి బాణం తగిలి గాయపడిన ఎస్తాసియో ద సా నెల తరువాత మరణించాడు. పోర్చుగీసువారి విజయంలో అరారిబోయా నాయకత్వంలోని తెమిమినో వీరులు ముఖ్యపాత్ర వహించారు. అఖాతపు ఎదుటి తీరంలో అరారిబోయాకు ఇచ్చిన భూమిలో ఏర్పడినదే నేటి నితెరోయ్ నగరం.

ఈక్వినోక్సియల్ ఫ్రాన్స్

1562 నుండి ఫ్రాన్స్‌లో మతయుద్ధాలు సాగడం వలన రాజ్యం వలసల గురించి శ్రద్ధ వహించలేకపోయింది. నార్మండీ, బ్రిటనీ వర్తకులు మాత్రం పోర్చుగీసువారు లేని ఉత్తర తీరానికి రాకపోకలు కొనసాగించారు. మరన్యావ్ తుపినంబాలు దక్షిణాన పోర్చుగీసు దాడులకు గురై వలస వచ్చినవారు కావడంతో ఫ్రెంచివారిని ఆదరించారు.

1612 మార్చిలో దానియెల్ ద లా తూష్ (లా రవార్దియేర్ ప్రభువు), ఫ్రాన్స్వా ద రజిల్లీల నాయకత్వంలో మూడు నౌకలు బ్రిటనీలోని కంకాల్ రేవు నుండి బయలుదేరాయి. బాలుడైన పదమూడవ లూయీ తరఫున పాలిస్తున్న రాణి మరీ ద మెదిచి దీనికి అనుమతినిచ్చింది. లా రవార్దియేర్ ప్రొటెస్టెంటు, రజిల్లీ కేథలిక్కు. గ్వానబారా అనుభవానికి భిన్నంగా ఇరువురూ కలసి పనిచేశారు. మతబోధకు నలుగురు కపూచిన్ సభ గురువులు వచ్చారు. 1612 సెప్టెంబరు 8న ద్వీపంపై శిలువను ప్రతిష్ఠించారు. కోటకు రాజు పేరిట సెయింట్ లూయీ కోట అని పేరు పెట్టారు.

1613లో రజిల్లీ ఆరుగురు తుపినంబాలను పారిస్‌కు తీసుకువెళ్ళాడు. అక్కడి వాతావరణానికి తట్టుకొనలేక ముగ్గురు జబ్బుపడి మరణించారు. మిగిలిన ముగ్గురికి రాజు, రాజమాత జ్ఞాన తల్లిదండ్రులుగా జ్ఞానస్నానం ఇచ్చారు. ముగ్గురికీ లూయీ అనే పేరు కలిసివచ్చే పేర్లు పెట్టారు.

కాని అప్పటి రాజకీయ పరిస్థితి ఈ స్థావరానికి అనుకూలంగా లేదు. 1580 నుండి పోర్చుగల్ స్పెయిన్ రాజు పాలనలో ఉన్నది. మరీ ద మెదిచి తన కుమారుడికి స్పెయిన్ రాజకుమారితో వివాహం నిశ్చయించింది. స్పెయిన్‌తో మైత్రి కోరుతున్న ఫ్రెంచి రాజసభ మరన్యావ్‌కు బలగాలను పంపలేదు.

1614లో జెరోనిమో ద అల్బుకెర్క్ నాయకత్వంలో పోర్చుగీసు సేన వచ్చింది. ఆయన తల్లి స్థానిక జాతికి చెందిన స్త్రీ. ఆయన సేనలో స్థానిక యోధులు కూడా ఉన్నారు. 1614 నవంబరు 19న గ్వాషెందూబా వద్ద జరిగిన యుద్ధంలో ఫ్రెంచివారు తీవ్రంగా నష్టపోయారు. ఇరుపక్షాలు తాత్కాలిక సంధి చేసుకొని ఐరోపాకు రాయబారులను పంపాయి. 1615 నవంబరులో అలెషాంద్రే ద మోరా మరింత బలగంతో రావడంతో లా రవార్దియేర్ కోటను అప్పగించాడు. అదే నెలలో పదమూడవ లూయీ వివాహం జరిగింది. మరన్యావ్ నుండి బయలుదేరిన పోర్చుగీసువారు 1616 జనవరిలో అమెజాన్ ముఖద్వార ప్రాంతంలో బెలేం పట్టణాన్ని స్థాపించారు.

వైఫల్యానికి కారణాలు

* జనసంఖ్య: రెండు స్థావరాలలోను ఫ్రెంచివారి సంఖ్య కొన్ని వందలు దాటలేదు. కుటుంబాలు రాలేదు. వ్యవసాయం వృద్ధి కాలేదు. ఆహారం కోసం స్థానికులపై ఆధారపడడం చివరి వరకు కొనసాగింది.
* రాజాదరణ లోపం: రాజులు అనుమతులిచ్చారు గాని నిలకడగా ధనం, సైన్యం పంపలేదు. ఐరోపాలో సంధి అవసరమైనపుడు స్థావరాలను వదలుకొన్నారు.
* మత కలహం: ఫ్రాన్స్ అంటార్కిటిక్‌ను లోపలి నుండి బలహీనపరచిన కారణం ఇదే. ఈక్వినోక్సియల్ ఫ్రాన్స్‌లో ఈ కలహం లేకపోయినా స్థావరం నిలువలేదు. కనుక మతవివాదం ఒక్కటే వైఫల్యానికి కారణమని చెప్పడం సరికాదు.
* వర్తక స్వభావం: చెక్క వర్తకానికి భూమిపై అధికారం అవసరం లేదు. దుబాసీలు, స్థానిక మిత్రులు ఉంటే చాలును. వర్తకులు వలసపై పెట్టుబడి పెట్టడానికి ఉత్సాహం చూపలేదు. పోర్చుగీసువారి చెరకు వ్యవసాయానికి భూమి, బానిస శ్రమ అవసరం కావడం వలన వారు భూమిని వదలలేదు.

తోర్దెసిల్లాస్ రేఖ ఫ్రెంచివారిని ఆపలేదు. వారిని ఆపినవి రియో డి జనీరో, బెలేం వంటి నివాస పట్టణాలు. భూమిపై నివసించినవారిదే హక్కు అనే ఫ్రెంచి వాదనను చివరకు ఆచరణలో పెట్టినది పోర్చుగల్ అని చెప్పవచ్చును.

స్థానిక జాతులపై ప్రభావం

ఫ్రెంచివారు ఓడిపోయినపుడు వారికి ఫ్రాన్స్‌కు తిరిగి వెళ్ళే అవకాశం ఉన్నది. వారి మిత్రులకు అటువంటి అవకాశం లేదు. 1567 తరువాత గ్వానబారా తమోయోలలో మిగిలినవారు కాబో ఫ్రియో వైపు వెళ్ళి అక్కడికి వచ్చే ఫ్రెంచి వర్తకులతో సంబంధం కొనసాగించారు. 1575లో గవర్నర్ అంతోనియో సలేమా జరిపిన దండయాత్రలో వేల సంఖ్యలో మరణించారు, బానిసలయ్యారు. దీనితో ఆ ప్రాంతంలో తమోయోల స్వతంత్ర జీవనం ముగిసింది. మరన్యావ్ తుపినంబాలు 1617 నుండి పోర్చుగీసువారిపై తిరుగుబాటు చేసి అణచివేతకు గురయ్యారు. ఐరోపా నుండి వచ్చిన మశూచి మొదలైన వ్యాధుల వలన యుద్ధాలలో కంటె ఎక్కువమంది మరణించారు. విజేతల పక్షాన పోరాడిన తెమిమినోలు కూడా కాలక్రమంలో తమ భూములను కోల్పోయారు.

గ్రంథాలు

ఈ స్థావరాల నుండి మిగిలిన ముఖ్యమైన వారసత్వం గ్రంథాలే. ఫ్రాన్సిస్కన్ సభకు చెందిన ఆంద్రే తెవే గ్వానబారాలో సుమారు పది వారాలు గడిపి, 1557లో ఫ్రాన్స్ అంటార్కిటిక్ విశేషాలను ప్రచురించాడు. పొగాకు, కర్రపెండలం, అనాస, జీడిమామిడి మొదలైన వాటి వర్ణన అందులో ఉన్నది. జీడిమామిడిని పోర్చుగీసువారు 16వ శతాబ్దంలోనే బ్రెజిల్ నుండి భారతదేశానికి తెచ్చారు. తెలుగులోని అనాస అనే మాట కూడా తుపి భాష నుండి పోర్చుగీసు ద్వారా వచ్చినదే.

1578లో వెలువడిన జాన్ ద లెరీ గ్రంథం తుపినంబాల జీవితానికి అత్యంత విలువైన ఆధారాలలో ఒకటి. తెవే వ్రాసిన విషయాలలో తప్పులున్నాయని, స్థావర వైఫల్యానికి ప్రొటెస్టెంటులను నిందించడం అన్యాయమని లెరీ వాదించాడు. ఒక వృద్ధ తుపినంబాతో జరిగిన సంభాషణను ఆయన వివరించాడు. చెక్క కోసం ఇంత దూరం ఎందుకు వస్తారని ఆ వృద్ధుడు ప్రశ్నించాడు. వర్తకులు కూడబెట్టిన సంపద వారి అనంతరం సంతానానికి చేరుతుందని విని, తమను పోషించిన నేల తమ పిల్లలనూ పోషిస్తుందనే నమ్మకం లేని ప్రజలను చూసి ఆశ్చర్యపడ్డాడు.

ఫ్రెంచి రచయిత మిషెల్ ద మొంతేన్ ఇంట్లో ఫ్రాన్స్ అంటార్కిటిక్‌లో పది పన్నెండు సంవత్సరాలు గడిపిన ఒక వ్యక్తి పనిచేసేవాడు. అతడు చెప్పిన విషయాల ఆధారంగా మొంతేన్ నరమాంసభక్షకుల గురించి వ్రాసిన వ్యాసం 1580లో వెలువడింది. పరస్పరం హింసించుకొంటున్న ఐరోపావారు ఇతరులను అనాగరికులని పిలువవచ్చునా అని అందులో ప్రశ్నించాడు.

మరన్యావ్‌కు వచ్చిన కపూచిన్ గురువులలో క్లోద్ దాబ్‌విల్ 1614లోను, ఈవ్ దెవ్రూ 1615లోను గ్రంథాలు వ్రాశారు. స్పెయిన్‌తో వివాహ సంబంధానికి భంగం కలుగుతుందని దెవ్రూ గ్రంథం అచ్చు కాగితాలను ముద్రణాలయంలోనే నాశనం చేశారు. రజిల్లీ రక్షించిన ప్రతి రాజుకు చేరింది.

తరువాతి పరిణామాలు

మరన్యావ్ తరువాత ఫ్రెంచివారు అమెజాన్‌కు ఉత్తరాన గయానా తీరంపై దృష్టి పెట్టారు. అక్కడ ఏర్పడిన ఫ్రెంచి గయానా నేటికీ ఫ్రాన్స్‌లో భాగం. 1713 నాటి ఉట్రెక్ట్ సంధిలో అమెజాన్ ఉత్తర తీరంపై తన హక్కును ఫ్రాన్స్ వదలుకొన్నది. అయినా సరిహద్దు ఏ నది అనే వివాదం కొనసాగి, 1900లో స్విట్జర్లండ్ మధ్యవర్తిత్వంతో బ్రెజిల్‌కు అనుకూలంగా ముగిసింది. 1711లో దుగే-త్రువేన్ అనే ఫ్రెంచి నావికుడు రియో డి జనీరోను పట్టుకొని ధనం వసూలు చేసి వెళ్ళాడు. అది దోపిడి యాత్ర మాత్రమే, వలస ప్రయత్నం కాదు.

తూర్పు సముద్రాలలో కూడా పోర్చుగల్ ఇటువంటి హక్కునే ప్రకటించుకొన్నది. 1529లోనే దియెప్ నుండి పర్మంతియే సోదరులు సుమత్రాకు చేరారు. అయితే 1669లో మచిలీపట్నంలోను, తరువాత పుదుచ్చేరి, యానాంలలోను ఫ్రెంచివారు స్థావరాలు ఏర్పరచుకొనే నాటికి ఆ సముద్రాలపై పోర్చుగీసు ఆధిపత్యం డచ్చివారి పోటీతో క్షీణించింది.

నేటి గుర్తులు

సెరిజిపే ద్వీపాన్ని నేడు విల్‌గాన్యోన్ ద్వీపం అని పిలుస్తారు. బ్రెజిల్ నౌకాదళ శిక్షణ కళాశాల 1938 నుండి అక్కడ ఉన్నది. సావో లూయీస్‌లో సెయింట్ లూయీ కోట ఉన్న చోట మరన్యావ్ రాష్ట్ర ప్రభుత్వ సౌధం ఉన్నది. ఈ నగరపు చారిత్రక భాగాన్ని 1997లో యునెస్కో ప్రపంచ వారసత్వ ప్రదేశంగా గుర్తించింది. 2012లో నగరం తన 400వ వార్షికోత్సవాన్ని జరుపుకొన్నది. ఫ్రెంచివారు కట్టినది కోట మాత్రమేనని, నగరాన్ని నిర్మించినది పోర్చుగీసువారని కొందరు చరిత్రకారులు అభిప్రాయపడుతున్నారు. తుపినంబాల వారసులమని చెప్పుకొనే ప్రజలు బహియా రాష్ట్రంలో నేటికీ తమ భూమి హక్కుల కోసం పోరాడుతున్నారు.

కాలక్రమం

* 1494 - తోర్దెసిల్లాస్ ఒప్పందం
* 1500 - కబ్రాల్ బ్రెజిల్ తీరాన్ని చేరుట
* 1504 - గొన్‌విల్ రాక
* 1549 - సాల్వడార్ నగర స్థాపన
* 1555 - ఫ్రాన్స్ అంటార్కిటిక్ స్థాపన
* 1557 - జెనీవా ప్రొటెస్టెంటుల రాక, బహిష్కరణ
* 1560 - కొలీన్యీ కోట పతనం
* 1565 - రియో డి జనీరో స్థాపన
* 1567 - గ్వానబారాలో ఫ్రెంచివారి చివరి ఓటమి
* 1575 - కాబో ఫ్రియో తమోయోలపై దండయాత్ర
* 1612 - ఈక్వినోక్సియల్ ఫ్రాన్స్ స్థాపన
* 1614 - గ్వాషెందూబా యుద్ధం
* 1615 - సెయింట్ లూయీ కోట అప్పగింత
* 1616 - బెలేం స్థాపన
* 1713 - ఉట్రెక్ట్ సంధి
* 1900 - ఫ్రెంచి గయానా, బ్రెజిల్ సరిహద్దు తీర్పు